నల్లమలలో మా అంతట మేం ట్రెక్ చేసి టెంట్ వేసుకోవచ్చా?

మీరు అడిగింది ఇదీ: నలుగురు ఫ్రెండ్స్ హైదరాబాద్ నుంచి వస్తారు, డిసెంబర్‌లో, కుదరకపోతే మే సెలవుల్లో. నల్లమలలో రెండు రోజులు నడుస్తారు, రాత్రి అడవిలోనే టెంట్. ఫోన్‌లో ఆఫ్‌లైన్ మ్యాప్ ఉంది, అందులో కాలిదారులు గీతలు గీతలుగా కనపడుతున్నాయి. దీనికి పర్మిషన్ కావాలా, పులి భయం ఎంత, నలుగురిలో ఒకరికి మోకాలు ఆపరేషన్ అయ్యింది ఆయన నడవగలడా.

సూటిగా చెప్తా. సొంతంగా లోపలికి పోయి టెంట్ వేసుకోవడం కుదరదు. అలాగని నల్లమలలో నడవలేమని కాదు. నడవడానికి దారులున్నాయి, కొన్ని ఏడాది పొడుగునా, కొన్ని ఏడాదికి నాలుగు రోజులే. డిసెంబర్‌లో వస్తే అహోబిలం నడవండి, ఒక రాత్రి బైర్లూటిలో ఫారెస్ట్ వాళ్ళ క్యాంపులో ఉండండి. అది నచ్చితే శివరాత్రికి నాగలూటి దారిలో శ్రీశైలం నడిచి రండి. మే నెల మాత్రం ఆలోచన కూడా పెట్టుకోకండి. ఎందుకో కింద రాస్తా, కొంచెం పొడుగవుతుంది, ఈ ప్రశ్న ఏటా ఎవరో ఒకరు అడుగుతారు, ఏటా ఎవరో ఒకరు అడక్కుండానే లోపలికి పోతారు, అందుకని.

నేను ఫారెస్ట్‌లో బీట్ డ్యూటీతో మొదలుపెట్టి ఇరవై ఆరేళ్ళు చేసి రిటైరయ్యా, ఎక్కువ కాలం ఆత్మకూరు, శ్రీశైలం వైపే. సలేశ్వరం జాతరకి మాత్రం డ్యూటీ మీద కాదు, మొక్కుకుని పోయా.

ముందు చట్టం సంగతి తొందరగా చెప్పేస్తా. నల్లమల మామూలు రిజర్వ్ ఫారెస్ట్ కాదు. 1983లో ప్రాజెక్ట్ టైగర్ కిందకి వచ్చింది, రాష్ట్రం విడిపోయాక ఆంధ్ర వైపు నాగార్జునసాగర్-శ్రీశైలం టైగర్ రిజర్వ్, తెలంగాణ వైపు అమ్రాబాద్ టైగర్ రిజర్వ్ అని రెండయ్యాయి. అమ్రాబాద్ ఒక్కటే 2,611 చదరపు కిలోమీటర్లు, ఆంధ్ర వైపుది అంతకంటే పెద్దది. 1972 వన్యప్రాణి సంరక్షణ చట్టంలో సెక్షన్ 27, 28 ప్రకారం అభయారణ్యంలోకి పర్మిషన్ లేకుండా అడుగు పెట్టడమే నేరం, లోపల మీరు ఏం చేశారు ఏం చేయలేదు అన్నది తర్వాతి మాట. "మేం ఏమీ పాడు చేయలేదు సార్, ఫొటోలు తీసుకున్నాం అంతే" అని చాలామంది అంటారు, వాళ్ళు నిజమే చెప్తారు కూడా, అయినా కేసు కేసే. డ్రోన్ అయితే అసలు తీసుకురావద్దు. ఇంకో విషయం, హైదరాబాద్–శ్రీశైలం రోడ్డు మీద రాత్రి 9 నుంచి పొద్దున 6 దాకా అడవి గేట్లు మూసేస్తారు, మన్ననూరు దగ్గరకి తొమ్మిదింటికి ఐదు నిమిషాలు ఉండగా చేరి హడావిడిగా బండి తోలుకుంటూ పోయేవాళ్ళే రోడ్డు మీద దుప్పుల్ని గుద్దేది. సాయంత్రమే దాటేయండి, లేదా అచ్చంపేటలో పడుకుని పొద్దున బయల్దేరండి.

ఇప్పుడు అసలు విషయం, మీ మ్యాప్‌లో గీతలు.

మ్యాప్‌లో కనపడే ప్రతి గీత మనిషి నడిచే దారి కాదు. నేను బీట్‌లో తిరిగినప్పుడు నాలుగు రకాల దారులు చూశా. ఒకటి ఫైర్ లైన్లు, మంట ఒక బ్లాకు నుంచి ఇంకో బ్లాకులోకి పాకకుండా గడ్డి కాల్చి శుభ్రం చేసిన పట్టీ, చూడ్డానికి రోడ్డులా ఉంటది, కానీ అది ఎక్కడికీ పోదు. రెండు పాత కూపు రోడ్లు, వెదురు కలప కొట్టే రోజుల్లో లారీలు తిరిగినవి, ఇప్పుడు సగం దూరం దాకా ఉంటాయి, ఆ తర్వాత పొదలు కమ్మేసి ఉంటాయి. మూడు జంతువుల జాడలు, ఇవి నీళ్ళ దగ్గరకి పోతాయి, అదే దారిలో పులి కూడా పోతది. నాలుగోది మనుషుల దారి, చెంచు పెంటల (అంటే చెంచుల గూడేల) మధ్య దారులు, యాత్రికుల దారులు. పై నుంచి తీసిన ఫొటోలో నాలుగూ ఒకటే రకంగా తెల్లటి గీతే.

ఒక మే నెలలో ముగ్గురు కుర్రాళ్ళు ఇలాగే మ్యాప్ చూసుకుంటూ పోయారు. గీత ఒక కొండ అంచు దాకా పోయి ఆగిపోయింది, కింద లోయ. మ్యాప్‌లో లోయ అవతల మళ్ళీ గీత ఉంది కాబట్టి దిగితే దొరుకుతుందిలే అనుకుని దిగారు, ఎక్కలేకపోయారు. నీళ్ళు మధ్యాహ్నానికే అయిపోయాయి. సిగ్నల్ లేదు. సాయంత్రం రోడ్డు పక్కన బైకులు అలాగే నిలబడి ఉండటం చూసి మాకు కబురొచ్చింది. నాతో ఇద్దరు చెంచు వాచర్లు వచ్చారు, టార్చి వెలుగులో నేల చూసుకుంటూ నడిచారు, ఒక చోట ఆగి "ముగ్గురు పోయినారు సార్, ఒకడు కాలీడుస్తున్నాడు, ఇక్కడ కొంచెం సేపు కూర్చున్నారు" అన్నాడు అందులో పెద్దాయన. నాకు అక్కడ ఆకులు తప్ప ఏమీ కనపడలా. తెల్లారేలోపు దొరికారు. ఒకతను మాట పడిపోయి కళ్ళు తేలేసి ఉన్నాడు, బతికాడు. ఇంకో నాలుగు గంటలు ఆలస్యమైతే ఏమయ్యేదో నాకు తెలుసు, ఆ మాట నేను వాళ్ళమ్మకి చెప్పలేదు.

అందుకే చెప్తున్నా, నల్లమలలో మొదటి ప్రమాదం పులి కాదు, నీళ్ళు లేకపోవడం. పైన గట్టి పలుగురాయి లాంటి క్వార్ట్‌జైట్, కింద పలకరాయి, వాన పడితే నీళ్ళు నిలవకుండా బీటల్లోంచి జారిపోతాయి. సెప్టెంబర్‌లో హోరెత్తే వాగు ఫిబ్రవరి దాటితే రాళ్ళ కుప్పే. మే ఎండలో కొండ ఎక్కే మనిషికి రోజుకి ఆరు లీటర్లన్నా కావాలి, రెండు రోజులకి పన్నెండు, అంటే మనిషికి పన్నెండు కిలోల బరువు నీళ్ళే, దాని మీద టెంట్, తిండి. మోయలేరు. మోయలేక తగ్గించుకుంటారు, ఇక్కడే మొదలవుతుంది కథ. అడవిలో ఎండాకాలం చాలాచోట్ల మిగిలే నీళ్ళు రెండే, వాగు ఇసకలో తవ్వుకునే చెలమలు, ఫారెస్ట్ వాళ్ళు ట్యాంకర్లతో నింపే సాసర్ పిట్లు, అంటే లోతు తక్కువ గుంటలు. చెలమ ఎక్కడ తవ్వితే ఊరుతుందో మీకు తెలీదు. సాసర్ పిట్ జంతువులది, అక్కడ మీరు కూర్చుంటే ఆ పూట వాటికి నీళ్ళు లేనట్టే, దాహంతో వచ్చి మనిషి వాసన తగిలి వెనక్కి పోతాయి.

పాత యాత్రికులకి ఇది బాగా తెలుసు. నాగలూటి దారి మజిలీల పేర్లు చూడండి, పెద్దచెరువు, భీముని కొలను. నంద్యాల–గిద్దలూరు రైల్వే లైన్‌లో అడవి మధ్య స్టేషన్ పేరు చలమ. సలేశ్వరం, మల్లెలతీర్థం రెండూ జలపాతాలే. అంటే దారి వేసి తర్వాత నీళ్ళు వెతుక్కోలేదు, నీళ్ళు ఎక్కడున్నాయో అక్కడి నుంచి అక్కడికి దారి కలిపారు. మీ ఫోన్‌లో గీతకి ఈ లెక్క తెలీదు. నన్ను ఎవరు ఏ దారి గురించి అడిగినా నేను అడిగే మొదటి ప్రశ్న, నీళ్ళు ఎక్కడ పట్టుకుంటావు అని.

సరే, నడవదగ్గ దారులు.

అహోబిలం. డిసెంబర్‌కి ఇదే మీకు సరైంది. దిగువ అహోబిలం నుంచి ఎగువ అహోబిలం 8 కిలోమీటర్లు, రోడ్డుంది, అక్కడిదాకా బండిలో పోవచ్చు. ఎగువ నుంచి భవనాశిని వాగు పట్టుకుని జ్వాలా నరసింహస్వామి దగ్గరకి నడక, అక్కడి నుంచి పైకి ఉగ్రస్తంభం. నవనారసింహ క్షేత్రాల్లో కొన్ని రోడ్డు పక్కనే ఉంటాయి, కొన్నిటికి ఇలా అడవిలో నడవాల్సిందే, పావన నరసింహుడి దారి కూడా అడవిలోంచే. పొద్దున ఏడింటికల్లా మొదలుపెట్టి నాలుగింటికల్లా వెనక్కి వచ్చేయాలి. ఉగ్రస్తంభం దాకా పోవాలంటే తెలిసిన స్థానిక మనిషిని తోడు తీసుకోండి, చివర్లో దారి సన్నగా ఉంటది, లోయ పక్కనే ఉంటది, ఎత్తంటే కళ్ళు తిరిగేవాళ్ళు జ్వాలా దగ్గరే ఆగిపోండి, ఏం తప్పు కాదు. వానాకాలం మాత్రం వాగు మధ్యలో రాళ్ళ మీద కూర్చుని ఫొటోలు దిగొద్దు, మీ దగ్గర ఎండ కాస్తూనే ఉంటది, పైన కొండ మీద వాన పడి నీళ్ళు ఒక్కసారిగా వస్తాయి.

నాగలూటి–శ్రీశైలం దారి. రోడ్డు లేని రోజుల్లో ఆత్మకూరు వైపు నుంచి మల్లన్న దగ్గరకి పోయే దారి ఇదే. వెంకటాపురం, నాగలూటి వీరభద్రస్వామి గుడి, పెద్దచెరువు, భీముని కొలను, అక్కడి నుంచి నిట్టనిలువు మెట్లు ఎక్కి కైలాసద్వారం, ఆపైన హఠకేశ్వరం, శ్రీశైలం. మెట్లు రెడ్డిరాజుల కాలం నాటివి. మహాశివరాత్రికి, ఉగాదికి తెరుస్తారు, తేదీలు ముందే ప్రకటిస్తారు. శివరాత్రికి మనవాళ్ళు ఎక్కువ, ఉగాదికి కన్నడ భక్తులు వేలల్లో వస్తారు, వందల కిలోమీటర్లు వాళ్ళ ఊళ్ళ నుంచి నడిచి వచ్చినవాళ్ళు, కర్రకాళ్ళ మీద నడిచేవాళ్ళని కూడా ఈ దారిలో చూశా. ఆ రోజుల్లో దారి పొడుగునా నీళ్ళు, అన్నదానం, మెడికల్ క్యాంపులు ఉంటాయి. మీకు అడవిలో రాత్రి గడపాలని అంత కోరికగా ఉంటే అది పెద్దచెరువు దగ్గర తీరుతుంది, చుట్టూ వందల మంది, మంచు కురుస్తా ఉంటది, అవతల ఎవరో భజన చేస్తా ఉంటారు. నేను చాలా ఏళ్ళు ఆ రాత్రి డ్యూటీ చేశా, రిటైరయ్యాక కూడా మళ్ళీ నడిచా.

సలేశ్వరం. ఇది అమ్రాబాద్ వైపు, చైత్ర పౌర్ణమికి కొద్ది రోజులు మాత్రమే వదులుతారు. కొండ మీద నుంచి లోయలోకి దిగాలి, ఒక పక్క గోడలా రాయి, ఇంకో పక్క ఏమీ ఉండదు, ఎదురెదురుగా మనుషులు. దిగేటప్పుడు "వస్తున్నాం లింగమయ్యా", ఎక్కేటప్పుడు "పోతున్నాం లింగమయ్యా" అని అరుస్తారు. మొదటిసారి నేనది భక్తి అనే అనుకున్నా, ఆ సన్నటి మలుపుల్లో నిలబడ్డాక అర్థమైంది, అవతల నుంచి వచ్చేవాడికి ఇటు మనిషి ఉన్నాడని తెలిసేది ఆ కేకతోనే. ఏప్రిల్ ఎండలో కూడా కింద జలపాతం పడతానే ఉంటది, పూజారులు చెంచులే. కానీ జనం విపరీతం, పిల్లల్ని, గుండె జబ్బు ఉన్నవాళ్ళని తీసుకుపోవద్దు, పౌర్ణమి నాడు కాకుండా ముందు రోజో తర్వాత రోజో తెల్లవారుజామున దిగండి.

ఇవి కాక బైర్లూటి, తుమ్మలబైలు దగ్గర, అవతల ఫరహాబాద్ దగ్గర సఫారీలు ఉన్నాయి, చిన్న నడకలు కూడా చెంచు గైడ్లతో చేయిస్తారు. జులై నుంచి సెప్టెంబర్ దాకా మూసేస్తారు, జంతువులు జతకట్టే కాలమని.

పులి భయం గురించి అడిగారు. ఇరవై ఆరేళ్ళలో కాలినడకన నేను పులిని చూసింది నాలుగుసార్లు, నాలుగుసార్లూ అదే పక్కకి తప్పుకుంది. పాదముద్రలు మాత్రం వందల సార్లు చూశా. తడి ఇంకా ఆరని అడుగు కనపడితే దాని వెంట పోవద్దు, ఫొటో కూడా వద్దు, గట్టిగా మాట్లాడుకుంటూ వచ్చిన దారినే వెనక్కి రావాలి. నేను భయపడేది ఎలుగుబంటికి. దానికి చూపు సరిగ్గా ఆనదు, తల దించుకుని పుట్ట తవ్వుకుంటూ మన అలికిడి పట్టించుకోదు, దగ్గరకి పోయాక ఒక్కసారిగా ఉలిక్కిపడి మీదకొస్తది. ఇప్పపూలు రాలే మార్చి ఏప్రిల్‌లో, తునికి పండ్ల కాలంలో పొద్దున పొద్దున్నే ఆ చెట్ల కింద అసలు తిరగొద్దు. చెంచులు నడిచేటప్పుడు దట్టమైన చోట దగ్గుతారు, గొంతు సవరించుకుంటారు, ఊరికే కాదు. మీ కుర్రాళ్ళు చెవుల్లో ఇయర్‌ఫోన్లు పెట్టుకుని నడుస్తారు చూడండి, అది మానుకుంటే సగం ప్రమాదం తగ్గినట్టే.

క్యాంప్ ఫైర్ గురించి మీరు అడగలేదు కానీ టెంట్ అన్నారంటే అది కూడా మనసులో ఉండే ఉంటది. వద్దు. ఫిబ్రవరి నుంచి నేలంతా ఎండాకు, దాని మీద బోదగడ్డి, ఒక బీడీ ముక్క చాలు. మంట వెదుర్లలోకి పోతే కణుపులు పేలే చప్పుడు తుపాకులు పేల్చినట్టు ఉంటది, దాన్ని పచ్చి కొమ్మలతో కొట్టి ఆర్పాలి, అక్కడికి ఫైరింజన్ రాదు. ఒకసారి ఎవరో టీ కాచుకున్న మూడు రాళ్ళ పొయ్యి దగ్గర మొదలైన మంటని పదకొండు మందిమి రాత్రంతా కొట్టాం, తెల్లారి చూస్తే నేల మీద గూడు పెట్టే పిట్టల గుడ్లు కాలి ఉన్నాయి. ఎండిన మానే కదా విరుచుకుంటాం అంటారు, అదీ వద్దు. ఎండు చెట్టు తొర్రల్లో ఏముంటాయో తెలుసా? 1899లో గుత్తిలో రైల్వే వాళ్ళ కలప దగ్గర మొదట దొరికిన నీలం రంగు పెద్ద సాలీడు, ఆ తర్వాత వందేళ్ళు ఎవరికీ కనపడలా, 2001లో నంద్యాల, గిద్దలూరు మధ్య ఈ అడవిలోనే మళ్ళీ కనపడింది. చెట్టు తొర్రలే దాని ఇల్లు.

ప్లాస్టిక్ కూడా అంతే. ఉప్పు కారం అంటిన చిప్స్ కవర్ కణితికి, అంటే పెద్ద జింకకి, ఉప్పు గడ్డే. చనిపోయిన కణితి పొట్ట కోసినప్పుడు కవర్లు ముద్దగా చుట్టుకుని బయటికి రావడం నేను కళ్ళారా చూశా. తెచ్చుకున్న ప్రతి కవరూ మీ బ్యాగ్‌లోనే వెనక్కి రావాలి. రోడ్డు పక్కన కోతులకి బిస్కెట్లు వేయొద్దు, వాటి కోసం రోడ్డు మీదకొచ్చి అవి బండ్ల కింద పడతాయి.

చెంచు తోడు దొరికితే ఏ యాప్ అక్కర్లేదు. ఒక పెద్దాయన నాతో తేనె కోత గురించి చెప్పాడు, కొండ అంచు నుంచి తాడు కట్టుకుని వేలాడతా పట్టు కోసేటప్పుడు పైన తాడు దగ్గర బావమరిదినే నిలబెడతారంట, తోడబుట్టిన అక్క తాళి తెగాలని ఏ తమ్ముడూ కోరుకోడు కదా అన్నాడు. ప్రాణం ఎవరి చేతిలో పెడుతున్నామో అంత ఆలోచించే మనుషులు వాళ్ళు. మీరు కూడా ఆ విలువ ఇవ్వండి. పేరు అడగండి, పెద్దవాళ్ళైతే పెద్దాయనా అనండి, ఒరేయ్ గిరేయ్ వద్దు. కూలి ముందే మాట్లాడుకుని పూర్తిగా చేతికివ్వండి, మందు సీసా ఇచ్చి సరిపెట్టొద్దు. పెంటలోకి పోయి గుడిసెల ముందు ఆడవాళ్ళని పిల్లల్ని ఫొటోలు తీయొద్దు. ఆయన "ఇటు వద్దు" అంటే ఎందుకు అని వాదన పెట్టుకోకుండా ఆగిపోండి, కారణం తర్వాత తీరిగ్గా కూర్చున్నప్పుడు చెప్తాడు.

సామాన్ల గురించి పెద్దగా చెప్పేదేం లేదు. మడమ కప్పే బూట్లు, ఫుల్ ప్యాంటు, టార్చి, ఓఆర్ఎస్, విజిల్. గడ్డిలో కూర్చుని లేచాక గోమార్లు (రక్తం పీల్చే పురుగులు) పట్టాయేమో ఒళ్ళంతా చూసుకోవాలి. అహోబిలంకి డిసెంబర్‌లో మనిషికి మూడు లీటర్ల నీళ్ళు చాలు.

మోకాలు ఆపరేషన్ అయిన మీ ఫ్రెండ్ సంగతి. అహోబిలంలో జ్వాలా దాకా కర్ర పట్టుకుని మెల్లగా పోగలడు, ఉగ్రస్తంభం వద్దు. నాగలూటి దారిలో మాత్రం పెద్దచెరువు తర్వాత భీముని కొలనుకి దిగే మెట్లు మోకాళ్ళని చంపేస్తాయి, ఎక్కేటప్పుడు కాదు, దిగేటప్పుడే. లోయలోకి దిగాక మధ్యలో జీపు రాదు, కైలాసద్వారం ఎక్కాల్సిందే లేదా వెనక్కి ఎక్కాల్సిందే. ఆయన్ని శ్రీశైలం బస్సులో పంపించి కైలాసద్వారం దగ్గర మీకు ఎదురు రమ్మనండి, శ్రీశైలం వైపు నుంచి అక్కడిదాకా బండి పోతది. మీరు చెమటతో ఆఖరి మెట్టు ఎక్కేసరికి ఆయన నీళ్ళ సీసా పట్టుకుని నిలబడి ఉంటాడు.